ఆకు వేరు, పూత వేరు: ఒకే గంజాయి మొక్క మీద చట్టం గీసిన గీత కథ

పోయిన ఎపిసోడ్ కింద కామెంట్లలో ఒక ప్రశ్న చాలామంది అడిగారు. "అన్నా, కాశీలో గవర్నమెంటు లైసెన్సు ఉన్న షాపులో భంగు అమ్ముతారు. మన దగ్గర గంజాయితో దొరికితే జైలు. రెండూ ఒకే మొక్క కదా? మరి ఇదేం న్యాయం?" అని.

మంచి ప్రశ్న. దీనికి సమాధానం ఒక్క లైన్‌లో చెప్పొచ్చు. చట్టం మొక్కను చూడదు, మొక్కలో ఏ భాగమో చూస్తుంది. కానీ ఆ భాగాన్ని ఎవరు, ఎప్పుడు, ఎందుకు విడదీశారు అన్నది నూట ముప్పై ఏళ్ల కథ. ఆ కథ తెలియకపోవడం వల్ల మన కుర్రాళ్లు కొందరు ఇవాళ జైళ్లలో ఉన్నారు. అందుకే ఈ ఎపిసోడ్ కాస్త ఓపిగ్గా వినండి.

మూడు మొక్కలు

ముందు మనింట్లో నుంచే మొదలుపెడదాం.

వినాయక చవితికి ఇరవై ఒక్క రకాల పత్రి తెస్తాం కదా. అందులో ఉమ్మెత్త ఆకు ఉంటుంది. ఖాళీ స్థలాల్లో, రోడ్డు పక్కన దానంతట అదే పెరుగుతుంది. దాంట్లో అట్రోపిన్, స్కోపలమైన్ అనే రసాయనాలు ఉంటాయి. ఉమ్మెత్త గింజలు తింటే మతి తప్పుతుంది, ప్రాణమే పోవచ్చు. అయినా మన మాదకద్రవ్యాల చట్టంలో ఉమ్మెత్త మొక్క లేదు. మీ పెరట్లో ఉంటే ఎవరూ కేసు పెట్టరు. దాన్ని ఎవరికైనా పెట్టి హాని చేస్తే అది వేరే నేరం.

రెండోది వంటింట్లో ఉంది. గసగసాలు. కోడికూర మసాలాలో నూరి వేస్తాం, పాయసం చేస్తాం. ఆ గింజలు ఏ మొక్కవో తెలుసా? నల్లమందు మొక్కవి. మార్ఫిన్ వచ్చేది ఆ మొక్క నుంచే, హెరాయిన్ తయారయ్యేది ఆ మార్ఫిన్ నుంచే. పచ్చి కాయకు గాటు పెడితే కారే పాలు నల్లమందు. అదే కాయ ఎండాక లోపల రాలే గింజలు గసగసాలు. లైసెన్సు లేకుండా ఆ మొక్క పెంచితే పదేళ్ల దాకా జైలు. గింజలు మాత్రం కిరాణా కొట్లో దొరుకుతాయి. ఎందుకంటే కోత అయ్యాక మిగిలిన కాయ, కాడలను చట్టం ఒక నిషిద్ధ పదార్థంగా రాసింది గానీ, అక్కడే 'గింజలు తప్ప' అని కూడా రాసింది.

ఇక్కడ గల్ఫ్ వెళ్లే వాళ్లకు ఒక మాట. ఈ 'గింజలు తప్ప' అన్నది మన దేశపు చట్టం. యూఏఈలో, సింగపూర్‌లో గసగసాలు కూడా నిషేధమే. అమ్మ ప్రేమగా మసాలా ప్యాకెట్‌లో వేసి పంపిన గసగసాలు అక్కడి ఎయిర్‌పోర్టులో కేసు అవుతాయి. గింజ అదే, తినే మనిషి అదే, విమానం దిగేసరికి చట్టం మారిపోతుంది. సామాను సర్దేటప్పుడు ఒకసారి చూసుకోండి.

మూడోది మన అసలు కథ, గంజాయి.

చట్టం గంజాయి అని దేన్ని అంటుంది?

మన చట్టం పేరు ఎన్‌డీపీఎస్ చట్టం, 1985. ఇందులో రెండో సెక్షన్ నిర్వచనాలు చెబుతుంది. దాని ప్రకారం గంజాయి మొక్క నుంచి వచ్చే వాటిని ఇలా విడదీశారు.

మొదటిది చరస్. మొక్క నుంచి వేరు చేసిన జిగురు. హషీష్ ఆయిల్ కూడా ఇందులోకే వస్తుంది. రెండోది గంజాయి. అంటే పూత పట్టిన, కాయ పట్టిన కొసలు. ఇక్కడ ఒక చిన్న మినహాయింపు ఉంది: కొసలు లేకుండా విడిగా ఉన్న ఆకులు, గింజలు గంజాయి కిందకి రావు. మూడోది, ఈ రెండింటిలో దేన్ని కలిపి చేసిన మిశ్రమమైనా, పానీయమైనా.

అర్థమైందా? విడి ఆకు నూరి చేసిన భంగు ఈ నిర్వచనం బయట పడింది. అదే గ్లాసులో పూత కొసలు కూడా వేసి నూరితే లోపలికి వచ్చేస్తుంది. రంగు చూసి, రుచి చూసి ఎవరూ చెప్పలేరు. కానీ చట్టం దృష్టిలో ఒకటి పండగ పానీయం, ఇంకోటి నేరం.

భంగు ఎక్కడైనా ఓకే అని మాత్రం అనుకోవద్దు. దాని మీద పెత్తనం రాష్ట్రాల ఎక్సైజ్ చట్టాలది. ఉత్తరప్రదేశ్, రాజస్థాన్‌లలో లైసెన్సు షాపులు ఉన్నాయి. అస్సాంలో 1958లోనే గంజాయితో పాటు భంగును కూడా నిషేధిస్తూ చట్టం చేశారు. అంటే కాశీలో కొన్నదాన్ని బ్యాగులో వేసుకుని రైలెక్కితే, దిగిన చోట రూల్ వేరే ఉండొచ్చు.

ఇంకో విషయం. ఈ నిర్వచనంలో ఎక్కడా మత్తు ఎంత శాతం ఉందన్న లెక్క లేదు. ఆకులోనూ మత్తు రసాయనం ఉంటుంది, కాస్త తక్కువ. కొసల్లో ఎక్కువ, జిగురులో ఇంకా ఎక్కువ. మరి శాతం చూడకుండా భాగాన్ని చూసి గీత ఎందుకు గీశారు? దీనికోసం మనం 1893కి వెళ్లాలి.

1893: పిచ్చాసుపత్రి రిజిస్టర్ చెప్పిన అబద్ధం

అప్పటికి మన దేశంలో బ్రిటిష్ వాళ్ల పాలన. గంజాయి నిషేధం కాదు, పైగా ఆదాయం. బెంగాల్‌లో రాజషాహీ జిల్లా నౌగావ్ ప్రాంతంలో సర్కారు లైసెన్సుతో గంజాయి సాగు జరిగేది, గోదాములో పెట్టి పన్ను కట్టించుకుని అమ్మించేవాళ్లు. నౌగావ్ ఇప్పుడు బంగ్లాదేశ్‌లో ఉంది.

ఆకును భంగు అని, పూత కొసలను గంజాయి అని, జిగురును చరస్ అని పిలవడం మన జనం అలవాటు. బ్రిటిష్ ఎక్సైజ్ శాఖ ఈ మూడు పేర్లనే తీసుకుని, దేని మీద ఎంత పన్ను అని లెక్క వేసుకుంది. ఆకు మీద పన్ను తక్కువ, కొసల మీద ఎక్కువ. ఈ ఆకు, కొస తేడా ముందు పన్నుల లెక్క. శిక్షల లెక్క తర్వాత వచ్చింది. ఈ పాయింట్ గుర్తుపెట్టుకోండి.

1893 మార్చిలో లండన్ పార్లమెంటులో డబ్ల్యూ. ఎస్. కెయిన్ అనే సభ్యుడు లేచి, ఇండియాలో గంజాయి వల్ల జనం పాడైపోతున్నారు, విచారణ చేయించండి అని అడిగాడు. ఆయన మద్యపాన వ్యతిరేక ఉద్యమంలో పేరున్న మనిషి. దాంతో ఇండియన్ హెంప్ డ్రగ్స్ కమిషన్ వేశారు. మాక్‌వర్త్ యంగ్ అధ్యక్షుడు. మొత్తం ఏడుగురు సభ్యులు, అందులో ముగ్గురు భారతీయులు. వాళ్లు దేశమంతా తిరిగి 1,193 మంది సాక్షుల మాటలు రాసుకున్నారు. డాక్టర్లు, కలెక్టర్లు, రైతులు, సాధువులు, షాపుల వాళ్లు, అందరూ. 1894లో ఇచ్చిన రిపోర్టు మూడు వేల పేజీలు దాటింది.

ఇందులో నాకు బాగా నచ్చిన భాగం పిచ్చాసుపత్రుల విచారణ. అప్పట్లో గంజాయి వల్ల పిచ్చెక్కుతుంది అనడానికి అందరూ చూపించే ఆధారం ఆసుపత్రి లెక్కలు. ఫలానా ఏడాది ఇంతమంది చేరారు, కారణం గంజాయి, అని రిజిస్టర్‌లో ఉండేది. కమిషన్ ఆ రిజిస్టర్ మాటను నమ్మి ఊరుకోలేదు. ఈ 'కారణం' కాలమ్ ఎవరు నింపారు అని అడిగింది. తీరా చూస్తే చాలా కేసుల్లో డాక్టర్ రాసింది కాదు. మనిషిని పట్టుకొచ్చిన పోలీసులు ఇచ్చిన కాగితంలో ఉన్నదాన్నే ఆసుపత్రిలో కాపీ చేశారు. ఇల్లూ వాకిలీ తెలియని మనిషి, గంజాయి తాగుతాడని ఎవరో అన్నారు, అంతే, కారణం గంజాయి. ఒక్కో కేసు తిరగతోడితే చాలా వాటికి ఆధారమే లేదు.

చివరికి కమిషన్ ఏం చెప్పింది? మితంగా వాడితే పెద్దగా హాని కనిపించలేదు, అతిగా వాడితే హాని ఉంది. పూర్తి నిషేధం అవసరం లేదు, అది సరైనది కూడా కాదు. పన్ను, లైసెన్సు, సాగు మీద అదుపు పెడితే చాలు. ఆకు గురించి మరింత గట్టిగా చెప్పింది. మొక్క అడవుల్లో, గట్ల మీద దానంతట అదే పెరుగుతుంది, దాన్ని ఆపడం ఎవరి వల్లా కాదు, పైగా జనం పండగలతో, పూజలతో ముడిపడి ఉంది, నిషేధిస్తే గొడవలు వస్తాయి అని.

ఇక్కడ ఇద్దరికీ రెండు మాటలు చెప్పాలి. గంజాయి సేఫ్ అని బ్రిటిష్ కమిషనే చెప్పింది అని వాట్సాప్‌లో ఫార్వర్డ్ చేసే వాళ్లకు: ఆ కమిషన్ వేసిన సర్కారుకు గంజాయి ఆదాయం ఉంది. పైగా అది 1894. కుర్రవయసులో, ఘాటైన రకం, రోజూ వాడితే మానసిక జబ్బు వచ్చే ప్రమాదం పెరుగుతుందని తర్వాతి పరిశోధనలు చెబుతున్నాయి. అటువైపు, ఒక్క దమ్ముకే పిచ్చెక్కుతుంది అని భయపెట్టే వాళ్లకు: ఆ మాటకు చూపించిన పాత లెక్కలు ఎంత డొల్లవో నూట ముప్పై ఏళ్ల కిందటే బయటపడింది.

1925, 1961: టేబుల్ దగ్గర కూర్చున్నవాడి మాట

ఇప్పుడు సీన్ జెనీవాకు మారుతుంది. అప్పటిదాకా గంజాయి మన దేశపు ఎక్సైజ్ విషయం. 1924 చివర్లో నల్లమందు, కొకైన్ మీద అంతర్జాతీయ సమావేశం మొదలైంది. గంజాయి అజెండాలో లేదు. ఈజిప్టు ప్రతినిధి డాక్టర్ ఎల్ గిండీ లేచి, మా దేశంలో హషీష్ వల్ల నాశనమవుతున్నాం, దీన్ని కూడా నల్లమందుతో సమానంగా చూడండి అని గట్టిగా పట్టుబట్టాడు. బ్రిటిష్ ఇండియా ప్రతినిధులు అడ్డం చెప్పారు. మా దగ్గర మొక్క అడవిలో పెరుగుతుంది, ఆచారాల్లో ఉంది, ఆపలేం అన్నారు. అంటే 1894 రిపోర్టులో ఉన్న మాటలే.

చివరికి 1925 ఫిబ్రవరిలో ఒప్పందం కుదిరింది. 'ఇండియన్ హెంప్' అంటే ఆడ మొక్క ఎండిన పూత కొసలు, కాయ కొసలు అని రాసుకున్నారు. ఆకు ఆ మాటలో లేదు.

1961లో ఐక్యరాజ్యసమితి పాత ఒప్పందాలన్నీ కలిపి ఒకే ఒప్పందం చేసింది. మాదకద్రవ్యాల ఏకైక ఒప్పందం. అక్కడ కూడా ఇండియా లాంటి దేశాల పట్టుదల వల్ల, కొసలు లేని ఆకులు, గింజలు గంజాయి కావు అని స్పష్టంగా రాశారు. ఇందాక నేను చెప్పిన మన చట్టంలోని మినహాయింపు దాదాపు మాటకు మాట అక్కడి నుంచి వచ్చిందే.

ఇప్పుడు సైన్స్ తేదీ చూడండి. గంజాయిలో మత్తు ఇచ్చే ముఖ్య రసాయనం టీహెచ్‌సీ. దాన్ని విడదీసి, దాని నిర్మాణం తేల్చింది ఇజ్రాయెల్ శాస్త్రవేత్తలు రాఫెల్ మెషూలమ్, యెహియెల్ గావోనీ, 1964లో. ఒప్పందం రాసింది 1961. అంటే ఏ రసాయనం మత్తు ఇస్తుందో కచ్చితంగా తెలియడానికి మూడేళ్ల ముందే, ఏ భాగం నేరమో ప్రపంచం రాసేసుకుంది. శాతం చూడకుండా భాగాన్ని ఎందుకు చూశారు అన్న ప్రశ్నకు ఇదే జవాబు. వాళ్ల చేతిలో ఉన్నది పాత ఎక్సైజ్ లెక్కలే, ల్యాబ్ లెక్కలు ఇంకా రాలేదు.

అదే ఒప్పందంలో ఇంకో ఆకు కథ చూద్దాం. దక్షిణ అమెరికాలో ఆండీస్ కొండల మీద జనం కోకా ఆకు నములుతారు. మనవాళ్లు తమలపాకు వేసుకున్నట్టు, అలుపు తీరడానికి, ఆకలి తట్టుకోవడానికి, మొక్కుబడులకు. కొకైన్ తీసేది ఆ ఆకు నుంచే, కానీ ఆకు నమలడం వేరు, కొకైన్ వేరు. 1961 ఒప్పందం ఆ తేడా చూడలేదు. కోకా ఆకునే నిషిద్ధ జాబితాలో పెట్టి, నమిలే అలవాటును 25 ఏళ్లలో మానిపించాలని గడువు పెట్టింది. విచిత్రం ఏంటంటే, కొకైన్ తీసేసిన కోకా ఆకును పానీయాల రుచి కోసం వాడుకోవచ్చని అదే ఒప్పందంలో ఇంకో ఆర్టికల్ ఉంది. కంపెనీకి దారి దొరికింది, కొండ మీద మనిషికి దొరకలేదు.

దీని మీద బొలీవియా చాలా ఏళ్లు పోరాడింది. ఆ దేశ అప్పటి అధ్యక్షుడు ఎవో మొరాలెస్ స్వయంగా కోకా రైతుల సంఘం నాయకుడు. 2006లో ఐక్యరాజ్యసమితి సభలో కోకా ఆకు చేత్తో పట్టుకుని చూపించి మాట్లాడాడు. 2011లో బొలీవియా ఒప్పందం నుంచి బయటికి వస్తున్నట్టు ప్రకటించింది. మా దేశంలో ఆకు నమలడం మా ఇష్టం అనే షరతుతో 2013 జనవరిలో మళ్లీ చేరింది.

మన ఆకుకు మినహాయింపు దొరికింది, వాళ్ల ఆకుకు దొరకలేదు. తేడా ఆకుల్లో లేదు. మీటింగ్‌లో ఎవరి తరఫున ఎవరు గట్టిగా మాట్లాడారు అన్నదాంట్లో ఉంది.

1985: గడువు దగ్గరపడింది

1961 ఒప్పందంలో గంజాయికి కూడా ఒక గడువు ఉంది. మందుల కోసం, పరిశోధన కోసం తప్ప మిగతా వాడకాన్ని 25 ఏళ్లలో ఆపాలి. ఒప్పందం అమల్లోకి వచ్చింది 1964 డిసెంబరులో, కాబట్టి గడువు 1989 డిసెంబరు. ఇండియా సంతకం పెట్టిన దేశమే.

అందుకే 1985లో రాజీవ్ గాంధీ ప్రభుత్వం కొత్త చట్టం తెచ్చింది. అప్పటిదాకా 1857, 1878 నాటి నల్లమందు చట్టాలు, 1930 నాటి ప్రమాదకర మందుల చట్టం ఉండేవి. వాటన్నిటినీ తీసేసి ఎన్‌డీపీఎస్ చట్టం పెట్టారు. 1985 నవంబరు 14 నుంచి అమలు. అప్పటిదాకా కొన్ని రాష్ట్రాల్లో లైసెన్సు షాపుల్లో అమ్మిన గంజాయి మెల్లగా నిషేధంలోకి వెళ్లింది. ఆకు మాత్రం బయటే ఉండిపోయింది.

2001లో పెద్ద మార్పు వచ్చింది. అప్పటి నుంచి శిక్ష బరువును బట్టి ఉంటుంది. గంజాయి అయితే ఒక కిలో దాకా చిన్న మొత్తం, ఏడాది దాకా జైలు. 20 కిలోలు దాటితే వాణిజ్య మొత్తం, కనీసం పదేళ్లు, గరిష్ఠంగా ఇరవై ఏళ్లు, పైగా లక్ష నుంచి రెండు లక్షల జరిమానా. మధ్యలో ఉంటే పదేళ్ల దాకా. చరస్ అయితే 100 గ్రాములు, ఒక కిలో. వాణిజ్య మొత్తం కేసులో సెక్షన్ 37 వస్తుంది. ఇతను నేరం చేయలేదని నమ్మడానికి కారణాలు ఉన్నాయని, బయటికొచ్చి మళ్లీ నేరం చేయడని జడ్జికి అనిపిస్తే తప్ప బెయిల్ రాదు.

కోర్టులో ఆకును ఎలా తూస్తారు?

ఇప్పుడు పుస్తకంలో గీత కోర్టులో ఎలా పనిచేస్తుందో చూద్దాం.

మొదటి తగాదా బరువు. ఒక బస్తా పట్టుకున్నారు, 21 కిలోలు. లోపల పూత కొసలు ఉన్నాయి, ఆకులు ఉన్నాయి, గింజలు ఉన్నాయి, లావు కాడలు కూడా ఉన్నాయి. అంతా కలిపి గంజాయేనా? కొసలు మాత్రమే విడదీసి తూయాలా? విడదీస్తే 15 కిలోలే రావొచ్చు. 21 అయితే కనీసం పదేళ్లు, 15 అయితే కనీస శిక్ష లేదు, బెయిల్ కూడా సులువు. కొసలతో కలిసి ఉన్న ఆకు కూడా లెక్కలోకి వస్తుందని ప్రాసిక్యూషన్ వాదిస్తుంది. ఏది ఎంతో విడదీసి చూపించలేదు కదా అని డిఫెన్స్ వాదిస్తుంది. దీని మీద వేర్వేరు హైకోర్టుల్లో బెయిల్ వాదనలు నడుస్తూనే ఉన్నాయి.

రెండోది భంగు. 2022లో బెంగళూరు కేసు ఒకటి కర్ణాటక హైకోర్టుకు వచ్చింది. ఒక వ్యక్తి దగ్గర 29 కిలోల భంగు, 400 గ్రాముల గంజాయి దొరికాయి. భంగు ఎన్‌డీపీఎస్ చట్టంలో నిషిద్ధ పదార్థంగా లేదు, అందులో కొసలు ఉన్నాయని చూపించలేదు, గంజాయి చూస్తే చిన్న మొత్తమే అని కోర్టు బెయిల్ ఇచ్చింది. ఆ 29 కిలోలు గంజాయి అయితే వాణిజ్య మొత్తం అయ్యేది. ఇక్కడ జాగ్రత్తగా వినండి: అది బెయిల్. అంతకుముందు అతను లోపలే ఉన్నాడు.

మూడోది, మొక్క మొలిచిందా, పెంచాడా? ఆకు, గింజల మినహాయింపు సాగుకు లేదు. లైసెన్సు లేకుండా గంజాయి మొక్క పెంచితే పదేళ్ల దాకా శిక్ష. మరి పొలంలో నాలుగు మొక్కలు కనిపిస్తే? ఉత్తరప్రదేశ్ నుంచి వచ్చిన ఒక కేసులో సుప్రీంకోర్టు ఏమందంటే, ఈ మొక్క గింజ పడితే దానంతట అదే మొలుస్తుంది, ఆ మనిషే సాగు చేశాడని రుజువు చేయాలి, ఊరికే కొన్ని మొక్కలు కనిపిస్తే సరిపోదు అని అతన్ని వదిలేసింది. 1894 రిపోర్టులో ఉన్న 'అడవిలో దానంతట అదే పెరుగుతుంది' అన్న మాట, వందేళ్ల తర్వాత ఒక రైతును కాపాడింది.

మన కొండలు, మన కుర్రాళ్లు

ఇప్పుడు మన ఇంటికి వద్దాం. ఆంధ్రా ఒడిశా సరిహద్దులో, పాడేరు, చింతపల్లి వైపు, అటు మల్కన్‌గిరి వైపు చాలా ఏళ్లుగా గంజాయి సాగు జరుగుతోంది. 'శీలావతి' అనే రకం పేరు వార్తల్లో వినే ఉంటారు. పెట్టుబడి బయటి వాళ్లది, కొండ మీద పని గిరిజనులది. 2021 చివర్లో ఆంధ్ర పోలీసులు 'ఆపరేషన్ పరివర్తన' పేరుతో వేల ఎకరాల తోటలు నరికించారు. 2022 ఫిబ్రవరిలో అనకాపల్లి దగ్గర రెండు లక్షల కిలోల గంజాయిని ఒకేసారి తగలబెట్టారు. గిరిజనులకు కాఫీ, మిరియాలు లాంటి పంటలు చూపిస్తున్నారు. అరకు కాఫీకి 2019లో జీఐ గుర్తింపు కూడా వచ్చింది. అయినా కాఫీ మొక్క కాపుకు రావడానికి ఏళ్లు పడుతుంది, గంజాయి కొన్ని నెలల్లో చేతికొస్తుంది. అసలు కష్టం అక్కడ ఉంది.

కొండ దిగాక సరుకు ఎవరి చేతుల్లో పోతుంది? బస్సులో, రైల్లో బ్యాగు మోసే కుర్రాడి చేతుల్లో. "ఈ బ్యాగు హైదరాబాద్‌లో ఫలానా వాడికి ఇవ్వు, ఐదు వేలు ఇస్తా" అంటారు. లోపల ఏముందో అతనికి సగం తెలుసు, సగం తెలియదు. "ఏం కాదురా, ఆకే కదా, నేచురల్" అంటారు. మనం ఇంతసేపు చెప్పుకున్న గీత ఇక్కడ అసలు పనిచేస్తుంది. ఆకు అన్నారు, లోపల కొసలు ఉన్నాయి. పది కిలోలు అన్నారు, ఇరవై రెండు ఉన్నాయి. బ్యాగు నీ దగ్గర దొరికింది కాబట్టి నీకు తెలిసే మోశావని చట్టం ముందే అనుకుంటుంది. తెలియదని నిరూపించుకోవాల్సింది నువ్వే. పెట్టుబడి పెట్టినవాడి పేరు కూడా ఆ కుర్రాడికి తెలియదు. డిగ్రీ ఫైనలియర్‌లో ఉండాల్సినవాడు బెయిల్ లేకుండా విచారణ కోసం లోపల కూర్చుంటాడు. వాళ్లమ్మ వాయిదా వాయిదాకు బస్సెక్కి కోర్టుకు వస్తుంది.

"మరి అమెరికాలో లీగల్ అయిపోయింది కదా" అంటారు. అక్కడ కూడా రాష్ట్రాన్ని బట్టి రూల్ మారుతుంది. ఐక్యరాజ్యసమితిలో 2020 డిసెంబరులో ఓటింగ్ జరిగింది. గంజాయిని అతి కఠినమైన నాలుగో జాబితా నుంచి తీసేశారు, అనుకూలం 27, వ్యతిరేకం 25. ఇండియా అనుకూలంగా ఓటేసింది. కానీ మొదటి జాబితాలో గంజాయి అలాగే ఉంది, మన చట్టంలో ఒక్క అక్షరం మారలేదు. నార కోసం, గింజ కోసం సాగుకు సర్కారు అనుమతి ఇవ్వొచ్చని సెక్షన్ 14 చెబుతుంది. దాని కింద ఉత్తరాఖండ్ 2018లో మొదటి లైసెన్సు ఇచ్చింది. గంజాయి గింజలను, గింజల నూనెను ఆహారంగా అమ్ముకోవచ్చని 2021లో ఆహార భద్రతా సంస్థ కూడా చెప్పింది. ఇవన్నీ మళ్లీ భాగం లెక్కలే, గమనించారా? గింజ, నార ఓకే. కొస కాదు.

చివరి మాట

ఇక కామెంట్లో అడిగిన ప్రశ్నకు వద్దాం. ఇదేం న్యాయం? నా అభిప్రాయం చెబుతా, మీరు ఒప్పుకోనక్కర్లేదు. ఈ గీత ప్రకృతి గీసింది కాదు. పాత పన్నుల పుస్తకంలో పుట్టింది, జెనీవాలో బేరమాడి ఒప్పుకున్నారు, 1985లో మన చట్టంలోకి ఎక్కింది. మనుషులు గీసిన గీత కాబట్టి మనుషులు మళ్లీ చర్చించుకోవచ్చు. బ్యాగు మోసిన కుర్రాడికీ, తోట వేయించిన వ్యాపారికీ ఒకే కనీస శిక్ష ఉండాలా అన్నది పార్లమెంటులో అడగాల్సిన ప్రశ్నే. మీరు ఓటు వేసేటప్పుడు, లా చదివేటప్పుడు, జడ్జిగా కూర్చున్నప్పుడు ఆ ప్రశ్న అడగండి.

కానీ గీత మారేదాకా అది ఉంటుంది. మొక్కే కదా, ఆకే కదా అనే మాట మీద జీవితం పెట్టొద్దు. ఎవరైనా సీల్ వేసిన బ్యాగు ఇచ్చి డబ్బులిస్తానంటే, తీసుకోకుండా పక్కకు జరగండి. అలవాటులో పడ్డ ఫ్రెండ్ ఉంటే అతన్ని దొంగలా చూడకండి. తనంతట తాను చికిత్సకు ముందుకొచ్చే బానిసకు వాడకం కేసు నుంచి రక్షణ ఇచ్చే సెక్షన్ 64ఏ ఇదే చట్టంలో ఉంది. 14446 అనే జాతీయ హెల్ప్‌లైన్‌కు ఫోన్ చేస్తే మాట్లాడతారు.

మీ ఊళ్లో పెద్దవాళ్లను ఒకసారి అడగండి, పాత రోజుల్లో లైసెన్సు గంజాయి షాపు ఉండేదా అని. ఏం చెప్పారో కామెంట్లో రాయండి, బాగున్నవి తర్వాతి ఎపిసోడ్‌లో చదువుదాం. ఈసారి చవితికి ఉమ్మెత్త పత్రి కోశాక చేతులు కడుక్కోవడం మర్చిపోవద్దు. ఉంటా మరి, నమస్తే.